మూడో చరణం

నమోదు 1
పోటు నెల, నాలుగో తేదీ

ఇది ఆఫీసు రాత కాదు. ఆఫీసు రాతలన్నీ యంత్రంలో ఉంటాయి. వాటిని పైవాళ్ళు ఎప్పుడు కావాలంటే అప్పుడు దిద్దుకుంటారు, దిద్దిన గుర్తు పైకి కనబడదు. ఇది నీళ్ళ జల్లెడలు వచ్చిన పాత పెట్టెల అట్టల మీద పెన్సిలుతో రాస్తున్నాను. చెరిపితే మచ్చ ఉంటుంది. నాకు ఆ మచ్చ కావాలి.

నా పేరు హైమవతి. సముద్రపు గట్ల మీద ఉన్న ఏడు ఊళ్ళలో మాది ఏడో గట్టు, ఇక్కడ వినికిడి గుమస్తాని. పొద్దున్న ఆరింటికి కుర్చీలో కూర్చుని చెవులకి తొడుగులు పెట్టుకుంటాను. సముద్రపు నీటిని తాగే నీరు చేసే గొట్టాలు మా గట్టు అడుగున నూట అరవై ఉన్నాయి. వాటి లోపల రోజూ పాచి పట్టేస్తుంది. ఆడవాళ్ళు దిగి రోజూ దాన్ని గోకుతారు. లోపల చెడుగాలి ఊరుతుంది కాబట్టి దిగే ప్రతి మనిషి మెడకీ ఒక పట్టీ కడతారు. మనిషి ఊపిరిని పట్టీ వింటుంది, పట్టీ విన్నది నేను వింటాను. దగ్గు ఎక్కువైతే గుర్తు పెడతాను. ఊపిరి తగ్గితే గంట కొడతాను. రెండింటికి ఇంటికి పోతాను.

పట్టీ ఊపిరితోనే ఆగదు. వాళ్ళ తిట్లు, నవ్వులు, పాటలు అన్నీ మోసుకొస్తుంది. పాట లేకపోతే గోకే చెయ్యి ఆడదు. నేనూ ఒకప్పుడు నాలుగేళ్ళు గోకాను, నాకు తెలుసు. ఏదైనా పాట బాగుంటే దాని పక్కన చుక్క పెట్టమని ఆరేళ్ళ కిందట ఆఫీసులో చెప్పారు. ఎందుకని నేను అడగలేదు. పొద్దుటి నుంచీ దగ్గులు విని విని ఉన్న చెవికి మంచి పాట తగిలితే చుక్క పెట్టడం నాకు సంతోషంగానే ఉండేది.

ఈ రోజు పెద్దాయన కొత్త పుస్తకం నా బల్ల మీదికి వచ్చింది. పెద్దాయన అంటే విశ్వంభరరావు గారు, పదకొండేళ్ళుగా మా గట్టు అధ్యక్షుడు. కవి కూడా. ఆఫీసులో అందరూ ఒక ప్రతి తీసుకుని సంతకం పెట్టాలి. టీ తాగుతూ మధ్యలో ఎక్కడో తెరిచాను.

దువ్వెన చేతిలో, దారిపై కన్నులు,
ఉప్పు గట్టే నిన్ను కాచుకున్నాదే.

గ్లాసు కింద పెట్టేశాను. పెద్దాయనకి పిల్లల్లేరు. ఆయన తలకి దువ్వెనతో పని లేక ఇరవై ఏళ్ళు దాటింది. ఆ దువ్వెన ఎవరిదో నాకు తెలుసు. నూట పన్నెండో నంబరు పట్టీ, పదిహేనో గొట్టం, నూకరత్నం. పోయిన వేసవిలో ఆమె పాడుతుంటే విన్నాను. ఒకటి కాదు, రెండు చుక్కలు పెట్టాను.

వెళ్ళి మొహం కడుక్కొచ్చాను. మళ్ళీ తొడుగులు పెట్టుకునేసరికి ఎవరో దగ్గుతున్నారు. గుర్తు పెట్టాను.

నమోదు 2
పోటు నెల, ఏడో తేదీ

మూడు రోజులుగా పని అయ్యాక ఆగి పుస్తకాన్ని, చుక్కల పాటలని పక్కపక్కన పెట్టి చూస్తున్నాను. పుస్తకంలో నలభై ఒక్క కవితలున్నాయి. ముప్పై ఎనిమిది నా చుక్కల్లోంచి పోయినవే. మిగతా మూడూ సముద్రం మీద రాసినవి. చదివితే అవి పెద్దాయనవేనని తెలిసిపోతుంది.

దారి ఇలా ఉంది. నేను చుక్క పెట్టగానే పాట ‘కూర్పరి’ అనే యంత్రంలోకి వెళ్తుంది. అది యాస తీసేస్తుంది, ప్రాస సరి చేస్తుంది, పేర్లు ఊడగొడుతుంది. అక్కడి నుంచి పెద్దాయన గదిలోకి. అంటే ఆరేళ్ళుగా ఆ గొట్టాల్లోంచి ఏరి ఏరి ఆయన పళ్ళెంలో వడ్డించింది నేనే. నా చెవి మంచిదని ఆఫీసులో అందరూ ఎందుకు మెచ్చుకుంటారో ఇప్పుడు అర్థమైంది. తెలిశాక నా చెవి మీద నాకే రోత పుట్టింది.

నూకరత్నం పాట మూడు చరణాలు. నేను విన్నది విన్నట్టు ఇక్కడ రాసి పెడుతున్నాను.

సన్నగా ఉన్నావని పంపినారే నిన్ను
సన్న గొట్టములోకి నా సిట్టితల్లీ
పాచి గోకిన సేయి కడగనే లేదే
ఉప్పు గొట్టము నిన్ను ఉంచుకున్నాదే

తడి తలతో ఎల్లావు, తలుపుకాడున్నాను
దువ్వెన సేతిలో, దారి మీద కళ్ళు
పిలిసిన పిలుపుకీ పలుకు రానేదే
ఉప్పు గొట్టము నిన్ను ఉంచుకున్నాదే

మూడింటి గాలిని రెండింటికే కట్టి
సుట్టాల ముక్కులకు సుకమిచ్చినాడే
తలుపు మూసిన సేయి తాంబూలమెత్తింది
ఉప్పు గొట్టము నిన్ను ఉంచుకున్నాదే

పుస్తకంలో మొదటి రెండు చరణాలే ఉన్నాయి. బిడ్డ ఊరైపోయింది, ‘సాహసించిన పురమా’ అట. గొట్టము గట్టు అయింది. ఉంచుకున్నాదే కాచుకున్నాదే అయింది. పిల్లని మింగిన గొట్టం రెండు మాటల మార్పుతో పిల్లని కాపాడిన గట్టయి కూర్చుంది.

మూడో చరణం కూర్పరి తీసేసిందేమో అనుకుని చూశాను. తియ్యలేదు. యంత్రం మూడు చరణాలూ శుభ్రం చేసి పైకి పంపింది. మూడోది చేత్తో తీసేశారు. యంత్రాన్ని ఎవరి తాళంతో తెరిచి తీశారో పక్కన రాసి ఉంది. అధ్యక్షుడిది.

నమోదు 3
పోటు నెల, తొమ్మిదో తేదీ

మా ఆఫీసు పెద్ద సోమలింగం గారికి చెప్పాను. ఆయన మంచివాడని పేరు. ఎవరినీ కసరడు. నా మాట మొత్తం విని, తలుపు దగ్గరికి వేసి వచ్చి, నా ఎదురుగా కూర్చున్నారు.

“నూకరత్నం రాసిందంటావా హైమవతమ్మా? రాయడం వచ్చా ఆవిడకి?”

“పాడిందండి.”

“అదే కదా. పాడినది గాలిలో ఉంటుంది. పట్టుకున్నవాడిదే పాట. పెద్దాయన పట్టుకోకపోతే అది గొట్టంలో పాచితో పాటే పోయేది. ఒక విధంగా ఆయన ఉపకారమే చేశారు.”

ఇంత మెత్తగా ఇంత అసహ్యమైన మాట అనొచ్చని నాకు ఇంతవరకూ తెలీదు. ఆయన నేను ఒప్పుకున్నట్టే అనుకుని అసలు పనిలోకి వచ్చారు.

ఈ పాటని బడి పుస్తకంలో పెడుతున్నారట. బడి పుస్తకంలోకి ఏది ఎక్కాలన్నా వినికిడి గుమస్తా ధ్రువపత్రం కావాలి. పెద్దాయన కలం పట్టడు. వినిపిస్తాడు, గుమస్తా విని రాస్తుంది. పత్రంలో గుమస్తా రాసిన పాఠం, పైనుంచి వచ్చిన కవి పేరు, ఈ రెండూ కలిపి అచ్చు యంత్రం పుస్తకం చేసేస్తుంది. మధ్యలో మనిషెవరూ చూడరు. ఒకసారి ఎవరో మాస్టారు పెద్దాయన పద్యంలో ఒక ముక్క మార్చి అచ్చు వేయించాడని కోపం వచ్చి, అచ్చయిన పాఠాన్ని బహిరంగ విచారణ లేకుండా ఎవరూ మార్చకూడదని పెద్దాయనే నియమం పెట్టించారు.

“గట్టు పండుగ అయిన మర్నాడు ఆయన వచ్చి చదువుతారు. నువ్వు విని రాసి సంతకం చెయ్యి. తర్వాత దానికి దగ్గరగా ఉన్న శబ్దాలు నిల్వలో ఏవైనా ఉంటే తుడిచెయ్యి. మామూలు పద్ధతే.” కుర్చీలోంచి లేస్తూ అన్నారు, “పండుగకి నూకరత్నాన్ని స్టేజీ ఎక్కించి సన్మానం చేద్దామని పెద్దాయన ఆలోచన. ఆవిడకీ తృప్తిగా ఉంటుంది. నువ్వెళ్ళి చెప్పు. నీ మాటైతే వింటుంది.”

నమోదు 4
పోటు నెల, పదో తేదీ

గొట్టాల వైపు దిగి ఏడేళ్ళయింది. పై మెట్టు మీదే వాసన మొహాన కొట్టింది. కుళ్ళిన చేప, తుప్పు, తడిసి మగ్గిన గోనె, అన్నీ కలిసిన వాసన. నాలుగేళ్ళు ఇందులోనే అన్నం తిన్నదాన్ని, ఇప్పుడు పైట ముక్కుకి అడ్డం పెట్టుకున్నాను. పెట్టుకున్నందుకు సిగ్గేసి తీసేశాను.

నూకరత్నం పదిహేనో గొట్టం మూతి దగ్గర కూర్చుని మధ్యాహ్నం అన్నం తింటోంది. అరవై దాటిన మనిషి. గోళ్ళ కింద పచ్చటి మరక ఎంత కడిగినా పోనిది. నన్ను చూసి పక్కకి జరిగి చోటిచ్చింది.

“పిన్నీ, నీ పాట పెద్దాయన పుస్తకంలో ఉంది.”

“తెలుసమ్మా. పండగకి పాడాలని బడిలో పిల్లల సేత వల్లె ఏయిస్తన్నారు. మా అక్క మనవరాలు వచ్చి నాకే నేర్పబోయింది. అలా కాదు అమ్మమ్మా, కాచుకున్నాదే అనాల, నీకు రాదు అంది.” ముద్ద నోట్లో పెట్టుకుని నమిలింది. “ఏటి సేస్తాను. అలాగేలే అన్నాను.”

పాటలోని సిట్టితల్లి, ఆమె కూతురు ముత్యాలు గురించి అడిగాను. పట్టీలో పాట విన్నానే తప్ప ఆ కథ నాకు పూర్తిగా తెలీదు. నూకరత్నం అన్నం తింటూనే చెప్పింది. పంతొమ్మిదేళ్ళ కిందటి మాట. అప్పటికి పట్టీలు లేవు. సన్న గొట్టాల్లోకి పెద్దవాళ్ళు పట్టరని బక్కపిల్లల్ని దింపేవారు. ముత్యాలుకి పదహారేళ్ళు. తలంటుకుని, జుట్టు ఆరకుండానే పిలుపు వస్తే వెళ్ళింది. లోపల మనుషులున్నంతసేపూ గాలితలుపు తెరిచి ఉంచాలి. మూడింటి దాకా తెరిచి ఉండాల్సిన తలుపు.

“ఆ దినం రెండో గట్టు నించి సుట్టాలొచ్చినారు. పెద్దోళ్ళు. బోయినాల పందిరి గాలితలుపు పక్కనే ఏసినారు. తలుపు తెరిసుంటే లోపలి గాలి పందిట్లోకి కొడతాది గదా. రెండింటికే మూయించీసినాడు.”

“ఎవరు?”

“అప్పుడు గాలితలుపు అధికారి ఎవరో నీకు తెలీదేటి?”

తెలుసు. ఆఫీసులో పెద్దాయన నిలువెత్తు బొమ్మ కింద రాసి ఉంటుంది. గాలితలుపు అధికారిగా సేవ మొదలుపెట్టి, అని.

“సెప్పకుండా దిగిందని రాసుకున్నారు. అనుమతి నేకుండా దిగి సచ్చిపోయిందంట. నా పిల్ల నన్ను అడగకుండా గుమ్మం కూడా దాటదు.” చెయ్యి కడుక్కుంది. “ఎవుళికి సెప్పుకున్నా ఇననేదు. అందుకే పాటలో ఎట్టాను. ఇక్కడున్నోళ్ళందరికీ అది నోటికి వచ్చు.”

నేనే చుక్క పెట్టానని చెప్పాను. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండేది.

“బాగుందనే కదా ఎట్టావు,” అంది.

“నీ పేరు పెట్టిస్తాను పిన్నీ. ఎలాగో ఒకలా.”

“నా పేరు ఎవుడికి కావాలమ్మా? ఆడి పేరే ఉండనీ. ఎన్నింటికి మూసినాడో అది ఉండాల. అది తీసేసి పాడితే నా పిల్ల ఊరికే సచ్చిపోయినట్టుంది.”

సన్మానం సంగతి చెప్పాను. వస్తానంది. అంత తేలిగ్గా ఒప్పుకునేసరికి నాకు మనసు చివుక్కుమంది. శాలువాకి ఆశపడిందేమో అనుకున్నాను. ఆ మాట అనుకున్నట్టు కూడా ఇక్కడ రాస్తున్నాను, దాచను.

నమోదు 5
పోటు నెల, పదిహేనో తేదీ. గట్టు పండుగ

స్టేజీ వెనక ఇద్దరు ఉద్యోగులు నూకరత్నాన్ని నిలబెట్టి, చేతులు పైకెత్తించి, ఆమె మీద అత్తరు కొట్టారు. గొడ్డుకి మందు కొట్టినట్టు కొట్టారు. ఆమె కళ్ళు మూసుకుని నిలబడింది. నేను అక్కడే ఉన్నాను.

పెద్దాయన నలభై నిమిషాలు మాట్లాడారు. స్త్రీలే ఈ గట్టుకి పునాది అన్నారు. వాళ్ళ మౌనమే తన కవిత్వానికి ప్రేరణ అన్నారు. ఆ మౌనాన్నే నేను ఏడేళ్ళుగా రోజుకి ఎనిమిది గంటలు వింటున్నాను. అంత గోలగా ఉండే మౌనం ఇంకెక్కడా ఉండదు. ముందు వరసల్లో వాళ్ళు చప్పట్లు కొట్టారు. పిల్లలు వరసగా నిలబడి పాట పాడారు. కాచుకున్నాదే అన్నప్పుడల్లా పెద్దాయన కళ్ళు తుడుచుకున్నారు. నిజంగానే తడి ఉంది. అది నటన అయితే నాకింత రోత కలిగేది కాదేమో.

శాలువా కప్పాక మైకు నూకరత్నం ముందు పెట్టి రెండు మాటలు చెప్పమన్నారు. ఆమె పెద్దాయన వైపు తిరిగింది.

“పాట బాగుంది బాబూ. మూడో సరణం కూడా మీరే సదవండి.”

“రెండే చరణాలమ్మా,” అన్నారు పెద్దాయన నవ్వుతూ.

“మూడు బాబూ. గాలితలుపు ఎన్నింటికి మూయించినారో మూడో దాంట్లో ఉంటాది.”

ఆమె మూడు అనేసరికే ఎవరో మైకు ఆపేశారు. వెనక ఉన్నవాళ్ళకి ఆమె పెదవులు కదలడమే కనబడింది. ముందు వరసల వాళ్ళు సగమే విని ఏదో దీవెన అనుకుని మళ్ళీ చప్పట్లు కొట్టారు. పెద్దాయన ఆమె తల మీద చెయ్యి వేసి, “తల్లి మనసు” అని అందరికీ వినబడేలా గట్టిగా అన్నారు. తర్వాత ఆ చెయ్యి కుర్చీ వెనక్కి పెట్టుకుని రుమాలుతో తుడుచుకోవడం స్టేజీ పక్కనున్న నాకు కనబడింది.

నూకరత్నం మెట్లు దిగి వచ్చింది. శాలువా విప్పి నా చేతిలో పెట్టి, “అత్తరు కళ్ళలో పడింది, మండతంది, నీళ్ళు సూపించు” అంది. ఆమెని అనుమానించింది నేనేనా అనిపించింది.

నమోదు 6
పోటు నెల, పదహారో తేదీ

పొద్దున్న పదింటికి పెద్దాయన ధ్వనిగదికి వచ్చారు. అద్దం అవతల ఆయన, ఇవతల నేను. ఆ గదిలో ఎవరు నోరు విప్పినా యంత్రం పట్టుకుంటుంది. ఆయనకీ తెలుసు, కానీ ఎప్పుడూ తన మాటలే నిల్వ అయ్యే మనిషికి ఆ సంగతి గుర్తుండదనుకుంటాను.

రెండు చరణాలూ చదివారు. మంచి గొంతు. ఎక్కడ ఆగాలో తెలిసిన గొంతు. చదివి కళ్ళద్దాలు తీసి, “ఎలా ఉంది హైమవతమ్మా?” అని అడిగారు.

“మూడో చరణం లేదండి.”

ఆయన కళ్ళద్దాలు మళ్ళీ పెట్టుకుని నన్ను చూశారు.

“మూడింటి గాలిని రెండింటికే కట్టి, అని మొదలవుతుందండి. మీ తాళంతో తీసేసినట్టుంది.”

ఆయన కోప్పడలేదు. అలసిపోయినవాడిలా కుర్చీలో వెనక్కి వాలారు. “ఆ రోజు ఆ వాసన భరించరానిదమ్మా. నువ్వక్కడ లేవు, నీకు తెలీదు. విస్తళ్ళ ముందు కూర్చున్న పెద్దమనుషులు లేచి వెళ్ళిపోయేలా ఉన్నారు. ఒక్క గంట. లోపల ఎవరో ఉన్నారని నాకెవరూ గట్టిగా చెప్పలేదు.” ఆ తర్వాత అన్నారు, “పాట అందంగా ఉండాలి. గంటలూ నిమిషాలూ పాటలో ఎందుకు? నేను తీసిందే మంచిది, కవిత నిలిచింది. నీకు చెవి ఉంది, నీకు అర్థమవుతుంది. ముఖ్య గుమస్తా పదవికి నీ పేరే అనుకుంటున్నాం.”

గట్టిగా చెప్పలేదట. మెల్లగా ఎవరో చెప్పారన్నమాట.

ఆయన వెళ్ళాక పత్రం ముందు పెట్టుకుని కూర్చున్నాను. కిటికీలోంచి మంచి గాలి వస్తోంది. ఈ కిటికీ కోసం నేను ఎన్ని అడక్కుండా ఊరుకున్నానో తలుచుకుంటే ఆ గాలి కూడా నచ్చలేదు.

పత్రం పైన ‘నేను విన్న పాఠం ఇది’ అని ఉంటుంది. ఎక్కడ విన్నావో రాయడానికి గడి లేదు. నూట పన్నెండో పట్టీలో నేను విన్న మూడు చరణాలూ యాసతో సహా రాశాను. కవి పేరు దగ్గర చెయ్యి ఆగిపోయింది. నూకరత్నం అని రాయాలని ఉంది. కానీ పైనుంచి వచ్చిన పేరుతో కలవకపోతే అచ్చు యంత్రం పత్రాన్ని వెనక్కి కొట్టేస్తుంది, పాట ఆగిపోతుంది. ఆమె కోరింది పేరు కాదు, గంట. విశ్వంభరరావు అని రాశాను. రాసి చెయ్యి సబ్బుతో కడుక్కున్నాను.

నిల్వలో ఏదీ తుడవలేదు.

నమోదు 7
ఆటు నెల, ఇరవయ్యో తేదీ

చాలా రోజులు రాయలేదు. జరిగినవి వరసగా రాస్తాను.

ఆటు నెల మొదట్లో బడి పుస్తకాలు ఏడు గట్లకీ వెళ్ళాయి. పెద్దాయన పేరు కింద మూడు చరణాలు. మొదటి రెండు రోజులూ ఎవరూ పట్టించుకోలేదు. తర్వాత రెండో గట్టు బడిలో ఒక పిల్ల, తలుపు ఎవరు మూశారు, లోపల ఎవరున్నారు అని టీచరుని అడిగిందట. ఆవిడకి తెలీక ఇంకొకరిని అడిగింది. ఆ విందులో భోంచేసినవాళ్ళు ఇద్దరు ముగ్గురు ఇంకా బతికే ఉన్నారు. వాళ్ళకి ఆ రోజు గుర్తుంది. భోజనం బాగుందని గుర్తుందట.

పుస్తకాలు వెనక్కి తెప్పించమని పెద్దాయన హుకుం వేశారు. ఆయన నియమమే అడ్డం వచ్చింది. విచారణ పెట్టక తప్పలేదు.

ముగ్గురు పెద్దలు కూర్చున్నారు. మధ్యలో రెండో గట్టు నుంచి వచ్చిన సత్యవేణి గారు, బడుల అధికారి, కోపమూ జాలీ ఏదీ మొహంలో కనబడని మనిషి.

“మూడో చరణం నాది కాదు,” అన్నారు పెద్దాయన. “గుమస్తా చేర్చింది.”

“గుమస్తా ఏమంటారు?” అని నన్నడిగారు సత్యవేణి గారు.

“నేను విన్నానండి. ఎక్కడ విన్నానో వినిపిస్తాను.”

నూట పన్నెండో పట్టీ శబ్దం పెట్టాను. ముందు గోకుడు చప్పుడు, తర్వాత దగ్గు, తర్వాత నూకరత్నం గొంతు. మూడు చరణాలు. దాని వెంటనే ధ్వనిగది శబ్దం పెట్టాను. ‘ఆ రోజు ఆ వాసన భరించరానిదమ్మా’ అని పెద్దాయన గొంతు చక్కగా, స్పష్టంగా వచ్చింది.

సత్యవేణి గారు కాగితం మీద ఏదో రాసుకుని, “మూడోది మీది కాదన్నారు. మొదటి రెండూ మీవేనా?” అని అడిగారు.

పెద్దాయన లేచారు. రుమాలుతో మొహం తుడుచుకుని మళ్ళీ కూర్చున్నారు. గోడ పక్కన నిలబడ్డ నూకరత్నం ఆయన్ని చూడలేదు. మెడ దగ్గర పట్టీ తడుముకుంటూ, తన గొంతు వచ్చిన పెట్టె వైపే చూస్తోంది.

తీర్పు చిన్నది. ముత్యాలు పేరు పక్కన ‘అనుమతి లేకుండా’ అన్న మాటలు కొట్టేసి, ‘గాలితలుపు రెండు గంటలకే మూసినందువల్ల’ అని రాశారు. పాట బడి పుస్తకంలో మూడు చరణాలతో ఉంటుంది. కవి పేరు నూకరత్నం. పెద్దాయన ఆరోగ్య కారణాల వల్ల పదవి వదులుకున్నారు. ఆయన మీద కేసు లేదు. పంతొమ్మిదేళ్ళయిందట, గడువు దాటిందట. తాత్కాలిక అధ్యక్షుడు సోమలింగం గారు. ఆయన మొదటి సంతకం నా మీదే పెట్టారు. నిల్వ శబ్దాలని అనుమతి లేకుండా వినిపించినందుకు నన్ను గుమస్తా పనిలోంచి తీసి గొట్టాలకి వేశారు. కాగితం ఇస్తూ, “నీకు అన్యాయం జరిగిందమ్మా, నేనేం చెయ్యగలను” అన్నారు. ఆయన సంతకం ఇంకా ఆరలేదు.

నమోదు 8
మళ్ళీ పోటు నెల, రెండో తేదీ

పదిహేనో గొట్టంలో పది రోజులయింది. మొదటి మూడు రోజులూ తిన్నది కడుపులో నిలవలేదు. ఇప్పుడు నిలుస్తోంది. గోళ్ళ కింద పచ్చబడుతోంది. కొత్త గుమస్తా ఎవరో నా దగ్గు వింటూ ఉంటాడు. విననీ.

ఈ రోజు మధ్యాహ్నం విశ్వంభరరావు గారు వచ్చారు. గొట్టం మూతి దగ్గర వెలుగులో నిలబడ్డారు, తెల్లని పంచె, ఒక చేతిలో శబ్దం పట్టే పెట్టె, ఇంకో చేతిలో రుమాలు. మేము ఇరవై అడుగుల లోపల ఉన్నాం, నూకరత్నం, నేను, ఇంకో నలుగురు.

“నూకరత్నమ్మా, ఒక్క మాట,” అన్నారు. గొంతు అదే, ఎక్కడ ఆగాలో తెలిసిన గొంతు. “నిద్ర పట్టడం లేదు. నువ్వు క్షమించానంటే చాలు. ఊరికే అనక్కర్లేదు, నీకు పాట వచ్చు కదా. నాలుగు ముక్కలు పాటలో చెప్పు. ఈసారి నీ పేరే వేయిస్తాను.”

అందరం చేతులు ఆపేశాం. ఇంత జరిగాక కూడా ఆయన పాట కోసమే వచ్చాడు.

నూకరత్నం గోకుడు బద్ద కింద పెట్టింది. “అలాగే బాబూ. రండి లోపలికి. నా పిల్ల దొరికిన సన్న గొట్టం మూతికాడ నిలబడి పాడతాను. ఎంతో దూరం నేదు, నలభై అడుగులు.”

ఆయన వంగి లోపలికి ఒక అడుగు వేశారు. ఇంకో అడుగు. రుమాలు ముక్కుకి నొక్కుకున్నారు. మూడో అడుగు దగ్గర పాచి మీద చెయ్యి ఆనింది. ఆ చెయ్యి చూసుకున్నారు. ఒళ్ళంతా ఒక్కసారి కుదిపినట్టయి, పెట్టె అక్కడే వదిలేసి బయటికి పరిగెత్తారు. బయట వాంతి చేసుకున్న చప్పుడు వినబడింది. తర్వాత అడుగుల చప్పుడు, మెట్ల మీద పైకి.

ఎవరూ నవ్వలేదు. నూకరత్నం ఆ పెట్టెని బద్దతో పక్కకి నెట్టి మళ్ళీ గోకడం మొదలుపెట్టింది. కాసేపటికి ఆమె గొంతు ఎత్తింది. తెల్లపంచె పెద్దాయన ఒచ్చినాడే, అంది. మిగతావాళ్ళు అందుకున్నారు. మూడడుగులేసినాడే, అంది ఇంకో ఆమె. తర్వాత చరణం ఆగింది. వాళ్ళు నా వైపు చూశారు. పదకొండేళ్ళు పాటల మధ్యే బతికాను, వాటిలో నా మాట ఒక్కటీ లేదు.

“దుర్గంధమోర్వలేక తిరిగినాడే,” అన్నాను.

నూకరత్నం ఆగి నన్ను చూసింది. “దుర్గంధం ఏటమ్మా, నోరు తిరగదు. కంపు అను.”

కంపు అన్నాను. వరస కుదిరింది. అందరం అందుకున్నాం, చేతులు ఆడాయి.